హ్యూగో క్లౌస్ సినిమాకు రాసినప్పుడు

మీ ప్రశ్నను క్లుప్తంగా మళ్లీ చెప్పి మొదలుపెడతాను. హ్యూగో క్లౌస్‌ను మీరు 'బెల్జియం దుఃఖం' నవల రాసిన ఫ్లెమిష్ (బెల్జియంలో డచ్ మాట్లాడే ప్రాంతపు) రచయితగానే చదివారు. ఆయన సినిమాలకు విస్తారంగా స్క్రీన్‌ప్లేలు రాశాడనీ, కొన్నింటికి దర్శకత్వం కూడా వహించాడనీ ఈమధ్యనే తెలిసింది. అవి బతుకుతెరువు కోసం రాసినవా, లేక ఆయన సాహిత్యంలో భాగంగా చూడదగినవా అని మీ సందేహం. స్వయంగా తీసిన చిత్రాలకు నవలలకు వచ్చినంత పేరు ఎందుకు రాలేదు, ఈ రచయితలూ దర్శకులూ నటించేవారు కూడానా, చూడాలనుకుంటే ఎక్కడ మొదలుపెట్టాలి అని కూడా అడిగారు.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. క్లౌస్ వేరొకరి నవలను తీసుకొని, వేరొకరి కెమెరా కోసం రాసినప్పుడే స్క్రీన్‌ప్లే రచయితగా ఆయన పూర్తి శక్తి బయటపడింది. తన కథను తానే తీసినప్పుడు, ఆ కథ ఒక ఇంటిలో, నాలుగు గోడల మధ్య, కొద్దిమంది మనుషుల నడుమ సాగితేనే ఆయన నెగ్గాడు. ఆ గోడలు దాటి మైదానంలోకి వెళ్లిన ప్రతిసారీ పట్టు జారింది. యూరోపియన్ సినిమా స్క్రీన్‌ప్లేలను చాలాకాలంగా చదువుతూ, యువ రచయితలకు పాఠంగా చెబుతూ వచ్చిన మీదట ఏర్పడిన అభిప్రాయమిది.

ముందుగా మనిషి గురించి కొంత తెలియాలి. క్లౌస్ 1929 ఏప్రిల్ 5న బ్రూజ్ నగరంలో, ముద్రణాలయం నడిపే కుటుంబంలో పుట్టాడు. పసితనంలోనే కన్యాస్త్రీలు నడిపే వసతి పాఠశాలలో పెరిగాడు. రెండో ప్రపంచయుద్ధ కాలంలో జర్మన్ ఆక్రమణ కింద ఫ్లెమిష్ జాతీయవాదుల్లో కొందరు ఆక్రమణదారులతో చేయి కలిపారు; ఆయన కుటుంబం మొగ్గు కూడా అటువైపే ఉండేది. విముక్తి తరువాత తండ్రి కొంతకాలం నిర్బంధంలో ఉన్నాడు. పెద్దలు చెప్పే మాటకూ చేసే పనికీ మధ్య ఉండే అగాధాన్ని బడి వయసులోనే చూసిన కుర్రవాడు ఆయన. యువకుడిగా ఉత్తర ఫ్రాన్సులోని ఒక చక్కెర కర్మాగారంలో సీజన్ కూలీగా పనిచేశాడు. 1950లో వచ్చిన తొలి నవలను పలువురు పాత్రల గొంతుల్లో నడిపించాడు. ఆ తరువాత పారిస్‌లో, ఇటలీలో కొన్నేళ్లు గడిపాడు. కవిత్వం, నాటకం, నవల, చిత్రకళ అన్నీ ఏకకాలంలో సాగాయి. కాబట్టి సినిమా ఆయనకు నవలల మధ్య దొరికిన విరామం కాదు. మొదటినుంచీ పక్కనే నడిచిన పని.

ఇక్కడ ఫ్లాండర్స్ పరిస్థితి కూడా గుర్తుంచుకోవాలి. బెల్జియం ఉత్తర భాగంలో డచ్ మాట్లాడే ప్రాంతం అది. నేటికీ జనాభా డెబ్భై లక్షలకు లోపే. అంత చిన్న ప్రాంతంలో 1950ల నాటికి గంభీరమైన చలనచిత్ర పరిశ్రమ అంటూ లేదు; ప్రేక్షకులను నవ్వించే స్థానిక హాస్యచిత్రాలే ఎక్కువగా వచ్చేవి. అందుకే క్లౌస్ సినిమా ప్రస్థానం సొంత నేల మీద కాకుండా సరిహద్దు అవతల, నెదర్లాండ్స్‌లో మొదలైంది. అక్కడ రంగస్థల నటుడిగా స్థిరపడి, ఇటలీలో దర్శకుడు విట్టోరియో డి సికా దగ్గర మెళకువలు నేర్చుకొని వచ్చిన ఫోన్స్ రాడెమాకర్స్ తన తొలి చిత్రానికి రచయిత కోసం వెతుకుతున్నాడు. నాటక రచయితగా అప్పటికే పేరు తెచ్చుకున్న, ముప్పై ఏళ్లయినా నిండని క్లౌస్‌కు ఆ పని అప్పగించాడు.

ఆ చిత్రం 1958లో వచ్చిన 'డోర్ప్ ఆన్ డె రివీర్', అంటే 'ఏటి ఒడ్డు ఊరు'. ఆధారం అంటోన్ కోలెన్ 1934లో రాసిన నవల. మాస్ నది ఒడ్డున ఉన్న ఒక బ్రబాంట్ పల్లెలో ఎవరికీ లొంగని ఒక వైద్యుడు, ఆయన తీరును సహించలేని ఊరి పెద్దలు, ఆయనను నమ్ముకున్న పేదలు: ఇదీ సరుకు. ఆ నవల ఒకే కథగా కాకుండా చిన్న చిన్న ఉదంతాల గుచ్ఛంగా ఉంటుంది. సినిమాగా మలిచేవారు సాధారణంగా ఆ ఉదంతాలను ఒకే దారానికి బలవంతంగా గుచ్చి, మొదలు నడుమ చివర తయారు చేస్తారు. క్లౌస్ అలా చేయలేదు. ఉదంతాలను ఉదంతాలుగానే ఉంచి, వాటి మధ్య వైద్యుడి ఒంటరితనం క్రమంగా చిక్కబడేలా అమర్చాడు. విదేశీ భాషా చిత్రం విభాగంలో ఆస్కార్ నామినేషన్ పొందిన తొలి డచ్ చిత్రం అదే. దర్శకుడికి తొలి చిత్రం, రచయిత మరో దేశపు కవి అయినప్పటికీ ఆ స్థాయి గుర్తింపు రావడం చిన్న విషయం కాదు.

ఆ జోడీ తరువాత కూడా కొనసాగింది. 1961లో వచ్చిన 'హెట్ మెస్' ('కత్తి') ఫ్రాన్సులోని కాన్ (కేన్స్) చిత్రోత్సవ పోటీ విభాగానికి ఎంపికైంది. ఒక బాలుడు దొంగిలించిన కత్తి చుట్టూ బాల్యం ముగిసిపోయే కథ అది. ఈసారి ఆధారం క్లౌస్ సొంత కథే. 1966లో ఆయన నాటకం 'డె డాన్స్ వాన్ డె రైగర్' ('కొంగ నాట్యం') కూడా రాడెమాకర్స్ చేతిలోనే చిత్రమైంది. అది నాకు అంతగా పట్టలేదు. వేదిక మీద పదును చూపిన సంభాషణలు ఎండ కాసే సముద్ర తీరంలో గాలికి చెల్లాచెదురైనట్టు అనిపిస్తాయి.

అసలు చెప్పుకోవలసినది రాడెమాకర్స్ తీసిన 1971 నాటి 'మిరా' గురించి. క్లౌస్ తెర రచనలో ఒక్కటే ఎంచమంటే నేను దీన్నే ఎంచుతాను.

ఆధారం స్టైన్ స్ట్రోవెల్స్ 1927లో ప్రచురించిన నవల. షెల్డ్ నది వంపులో 'వాటర్‌హూక్' అనే పేట ఉంటుంది. ఆ పేటను బయటి ప్రపంచంతో కలపడానికి ప్రభుత్వం వంతెన కట్టాలనుకుంటుంది. పేట పెద్ద డేకెన్ బ్రూకె దాన్ని తన ప్రాణం అడ్డువేసి ఆపాలనుకుంటాడు. ఆయన మనవరాలు మిరా ఎవరి మాటా వినని పిల్ల. ఆయన కొడుకు లాండర్‌కు ఆమె మీద మోహం. వంతెన కట్టడానికి వచ్చిన యువ ఇంజనీరు మారిస్ కూడా ఆమె వలలోనే పడతాడు. నవలలో స్ట్రోవెల్స్ ఎక్కువ శ్రద్ధ పెట్టింది వంతెన మీద, పాత పల్లె బతుకు కూలిపోవడం మీద. మిరా ఆ కథలో ఒక బలమైన పాయ మాత్రమే. అయితే ఆ పాయే అప్పట్లో కాథలిక్ విమర్శకులకు కంటగింపైంది. రచయిత 1939లో నవలను బాగా కుదించి మళ్లీ వెలువరించాడు.

క్లౌస్ ఆ తూకాన్ని తలకిందులు చేశాడు. వంతెనను వెనక్కి జరిపి మిరాను ముందుకు తెచ్చాడు. చిత్రానికి పేరే ఆమెది. ఇది ప్రేక్షకులను రప్పించే ఎత్తుగడ అని అప్పుడూ ఇప్పుడూ కొందరు అంటారు, ఎందుకంటే చిత్రంలోని నగ్న దృశ్యాల గురించి ఆ రోజుల్లో ఫ్లాండర్స్ అంతా మాట్లాడుకుంది. కానీ స్క్రీన్‌ప్లే నిర్మాణం చూస్తే ఆ మాట నిలవదు. నవలలో వంతెన పాత జీవితాన్ని కూల్చే శక్తి. క్లౌస్ కథనంలో ఆ శక్తి రెండు రూపాల్లో ఒకేసారి వస్తుంది: బయటినుంచి వచ్చే ఇనుప దూలాలు ఒకటి, లోపలే పుట్టిపెరిగిన మిరా రెండోది. ముసలి పెద్ద మొదటిదానితో పోరాడుతూ ఉంటాడు. రెండోది తన ఇంట్లోనే ఉందని గ్రహించడు. వంతెనను ఆపినా ఆ పేట పాతగా మిగలదని ప్రేక్షకుడికి అర్థమవుతుంది, ఎందుకంటే మిరా అప్పటికే ఆ పేటకు చెందని మనిషి. నవలలో విడివిడిగా నడిచిన రెండు పాయలు ఈ ఒక్క మార్పుతో ముడిపడ్డాయి. రచయిత ఒక్క పేజీ ఉపన్యాసం కూడా రాయకుండా ఇది సాధించాడు.

మరో సంగతి కూడా గమనించండి. క్లౌస్ నవలల్లో, నాటకాల్లో మనుషులు విపరీతంగా మాట్లాడతారు. మాటలతో కొట్టుకుంటారు, దాక్కుంటారు, అబద్ధాలాడతారు. 'మిరా'లో మాత్రం ఆయన మాటలను బాగా తగ్గించాడు. నది, బురద, పడవలు, పని చేసే చేతులు, జనం చూపులు ఆ చోటును ఆక్రమించాయి. ఇంత సంయమనం ఆయనకు రాడెమాకర్స్ మీద ఉన్న నమ్మకం వల్లే వీలైందని నేను అనుకుంటాను. చెప్పవలసినది చూపించగల దర్శకుడు ఎదురుగా ఉన్నప్పుడు రచయిత కలం ఆపగలడు. జార్జ్ డెలెరు సంగీతం కూడా ఆ మౌనానికి తోడైంది.

చిత్రీకరణకు షెల్డ్ ఒడ్డు కాకుండా హామె అనే ఊరి దగ్గర, దుర్మె నది మీద ఉన్న పాత ఇనుప వంతెనను ఎంచుకున్నారు. ఆ వంతెనను నేడు అందరూ 'మిరా వంతెన' అనే పిలుస్తారు, దాన్ని రక్షిత కట్టడంగా కాపాడుతున్నారు. నవలలోని ఊరు వేరు, నది వేరు. అయినా జనం జ్ఞాపకంలో సినిమా పేరే ఆ కట్టడానికి స్థిరపడింది. స్ట్రోవెల్స్ మాత్రం చిత్రం విడుదలకు రెండేళ్ల ముందు, 1969లో, తొంభై ఏడేళ్ల వయసులో మరణించాడు.

'మిరా' చారిత్రక ప్రాధాన్యం కూడా చెప్పాలి. 1964లో ఫ్లెమిష్ సంస్కృతి శాఖ చిత్రాలకు ఆర్థిక సహాయం ఇవ్వడం మొదలుపెట్టింది. ఆ సహాయంతో వచ్చిన వాటిలో జనం విరగబడి చూసిన తొలి పెద్ద చిత్రం ఇదే. డచ్, బెల్జియన్ ఉమ్మడి నిర్మాణం కావడం వల్ల రెండు దేశాల ప్రేక్షకులూ దొరికారు. లాండర్‌గా వేసిన యాన్ డెక్లేర్‌కు ఇది తొలి సినిమా. మిరాగా వేసిన విల్లెకె వాన్ అమెల్‌రోయ్‌కు తొలి పెద్ద పాత్ర. ఇద్దరూ తరువాత దశాబ్దాలపాటు ఆ భాషా సినిమాకు మూలస్తంభాలయ్యారు. ఆస్కార్ గెలిచిన డచ్ చిత్రం 'ఆంటోనియా'లో (1995) మళ్లీ కలిసి కనిపిస్తారు. ఈ విజయం తరువాత పల్లెటూరి నవలలను తెరకెక్కించే ధోరణి ఫ్లాండర్స్‌లో బలపడి, కొన్నేళ్లకు వెగటు పుట్టించేంతగా పెరిగింది. అందులో క్లౌస్ వాటా కూడా ఉంది: ఫేలిక్స్ టిమ్మర్‌మాన్స్ నవల ఆధారంగా రోలాండ్ వెర్‌హావర్ట్ 1976లో తీసిన 'పాలీటర్'కు స్క్రీన్‌ప్లే ఆయనదే. ఆ చిత్రం గురించి ఎక్కువ చెప్పుకోవలసినదేమీ లేదు. నికొలస్ ఫ్రీలింగ్ డిటెక్టివ్ నవల ఆధారంగా రాడెమాకర్స్ 1973లో తీసిన చిత్రం కూడా అంతే. దాన్ని వృత్తిపనిగానే చూడాలి. బతుకుతెరువు రాతలా అన్న మీ ప్రశ్నకు సమాధానం ఇక్కడ ఉంది: కొన్ని అవును, ముఖ్యమైనవి కాదు. అయితే లూయీ పాల్ బోన్ నవల 'మెనుయెట్'ను రాడెమాకర్స్ భార్య లిలీ రాడెమాకర్స్ 1982లో తీసినప్పుడు క్లౌస్ రాసిన స్క్రీన్‌ప్లేను మాత్రం ఈ వృత్తిపనుల జాబితాలో వేయకండి. ఒకే కథను ముగ్గురు మనుషుల వైపునుంచి చెప్పే ఆ నవలకు, పలు గొంతులతో తొలి నవల రాసిన క్లౌస్‌కు మించిన అనుసరణకర్త దొరకడు.

నటన గురించి అడిగారు. ఆ కాలపు ఫ్లెమిష్, డచ్ సినిమా ఎంత చిన్న ప్రపంచమంటే, కెమెరా వెనుక ఉన్నవారే అవసరాన్ని బట్టి ముందుకు వచ్చి నిలబడేవారు. క్లౌస్ దర్శకుడిగా తొలిసారి తీసిన 'డె వైయాండెన్' ('శత్రువులు', 1968) దీనికి మంచి ఉదాహరణ. 1944 చలికాలంలో ఆర్డెన్ కొండల్లో జర్మన్లు జరిపిన ఎదురుదాడి సమయంలో ఒక అమెరికన్ సైనికుడు, ఒక జర్మన్ సైనికుడు, ఒక ఫ్లెమిష్ యువకుడు కలిసి తిరగవలసి వస్తుంది. అందులో నటించినవారిలో రాడెమాకర్స్ ఒకడు, ఆంట్‌వెర్ప్ యువ దర్శకుడు రాబె డె హెర్ట్ మరొకడు. అంటే రచయిత దర్శకుడయ్యాడు, ఆయన దర్శకుడు నటుడయ్యాడు. రాడెమాకర్స్ మూలతః రంగస్థల నటుడే కనుక ఆయనకు ఇది కొత్త కాదు. హారీ క్యూమెల్ 1971లో తీసిన రక్తపిశాచ చిత్రంలో కూడా మరచిపోలేని చిన్న పాత్ర వేశాడు. ఈ అలవాటు స్క్రీన్‌ప్లేకు మేలే చేసిందని నా నమ్మకం: తాను రాసిన సంభాషణను నోట పట్టించుకోగల మనుషుల మధ్య పనిచేసిన రచయితకు, పలకడానికి వీలుకాని వాక్యం వెంటనే తెలిసిపోతుంది.

అదే కాలంలో క్లౌస్‌కు న్యాయస్థానంతో కూడా తగవు వచ్చింది. క్నొకె పట్టణంలో జరిగిన ప్రయోగాత్మక చిత్రోత్సవంలో ఆయన నాటకం 'మాస్కెరూన్' ప్రదర్శించారు. అందులో క్రైస్తవ త్రిత్వాన్ని ముగ్గురు నగ్న పురుషులు అభినయించారు. బహిరంగ అసభ్యత నేరం కింద ఆయనకు నాలుగు నెలల జైలుశిక్ష పడింది. పెద్ద ఎత్తున నిరసన రావడంతో చివరికి జైలుకు వెళ్లవలసిన అవసరం లేకుండా ముగిసింది. 'మిరా' మీద వచ్చిన రగడను ఈ నేపథ్యంలో చూడాలి.

ఇప్పుడు ఆయన సొంత దర్శకత్వం సంగతి. 1980లో 'వ్రైడాహ్' ('శుక్రవారం') వచ్చింది. 1969 నాటి ఆయన నాటకమే ఆధారం. కూతురితో అక్రమ సంబంధం నేరానికి జైలుకు వెళ్లిన జార్జ్ ఒక శుక్రవారం ఇంటికి తిరిగి వస్తాడు. ఆయన లేని కాలంలో భార్య జాన్ పక్కింటి స్నేహితుడు ఎరిక్‌తో బిడ్డను కన్నది. ముగ్గురూ ఒకే ఇంట్లో కూర్చుని మాట్లాడుకోవాలి. ఎవరు ఎవరిని క్షమించాలి, ఎవరికి క్షమించే హక్కు ఉంది అన్నది తేలని ప్రశ్న. ఫ్రాంక్ ఆండెన్‌బోమ్, కిట్టీ కూర్బ్వా, హెర్బర్ట్ ఫ్లాక్ నటన చిత్రాన్ని నిలబెట్టింది. ఇందులో సంభాషణలు ప్రామాణిక డచ్‌లోనూ ఉండవు, ఏ ఒక్క ఊరి మాండలికంలోనూ ఉండవు. క్లౌస్ తానే తూచి కలిపిన ఒక ఫ్లెమిష్‌లో ఉంటాయి. జనం మాట్లాడేదానికి దగ్గరగా వినిపిస్తూనే లయ తప్పని భాష అది.

ఇంకా మంచిది 'హెట్ సాక్రమెంట్' ('సంస్కారం', 1989). 1963 నాటి తన నవలను ఆయన ముందు నాటకంగా, తరువాత సినిమాగా మార్చాడు. కాన్ ఉత్సవంలో 'అన్ సెర్టెన్ రిగార్' విభాగంలో ప్రదర్శించారు. చనిపోయిన తల్లి జ్ఞాపకార్థం ఒక కుటుంబం ఏటా ఒక పూజారి ఇంట్లో కలుస్తుంది. ఉదయం ప్రార్థన, మధ్యాహ్నం విందు, సాయంత్రానికి తాగుడు. కోర్సు వెంట కోర్సు వడ్డన సాగేకొద్దీ మర్యాద పొరలు ఒక్కొక్కటీ ఊడిపోతాయి. కుటుంబంలో ఎవరికీ అర్థంకాని, ఎవరూ అర్థం చేసుకోదలచుకోని యువకుడు క్లోడ్ ఈ సందడి మధ్య నలిగిపోతాడు. పూజారి ఒక్కడే ఆదుకోగలడేమో అనిపిస్తుంది గానీ ఆయన కూడా తప్పుకుంటాడు. ఆ విందు దృశ్యాల రచన గమనించండి. ఎవరో హాస్యమాడతారు, అందరూ నవ్వుతారు, నవ్వు ఆగిన క్షణంలో కెమెరా నవ్వని ఒక్క ముఖం మీద ఉంటుంది. తరువాతి సంభాషణ వెంటనే వేరే విషయం మీదకు మళ్లుతుంది. ఇలా మాటను పక్కకు తిప్పడమే ఆ కుటుంబం తనను తాను కాపాడుకునే పద్ధతి. చివరికి జరిగే ఘోరానికి ఏ ఒక్కరూ కారకులు కారు, అందరూ కారకులే.

ఈ రెంటికీ నడుమ వచ్చింది 'డె లేవ్ వాన్ వ్లాందరెన్' ('ఫ్లాండర్స్ సింహం'). హెండ్రిక్ కోన్సియాన్స్ 1838లో రాసిన ఆ నవల ఫ్లెమిష్ జాతీయ భావనకు పునాది గ్రంథం. 1302 జూలై 11న కోర్ట్‌రైక్ దగ్గర పాదచారి నగర సేనలు ఫ్రెంచ్ అశ్వికులను ఓడించిన కథ. భారీ ఖర్చుతో సినిమాగా, టెలివిజన్ ధారావాహికగా ఒకేసారి తలపెట్టారు. ఫలితం విమర్శకులనూ మెప్పించలేదు, జనాన్నీ మెప్పించలేదు. కారణం ఖర్చులో లేదు, నటుల్లో లేదు అని నేను అనుకుంటాను. ఆ నవలకు అనుమానం తెలియని రచయిత కావాలి. వీరత్వాన్ని నమ్మి రాయాలి. క్లౌస్ జీవితమంతా జాతీయ వీరగాథల వెనుక దాగిన స్వార్థాన్ని, పిరికితనాన్ని రాసినవాడు. రెండో ప్రపంచయుద్ధ కాలంలో అదే ఫ్లెమిష్ సింహం జెండా కింద ఏమేం జరిగిందో కళ్లారా చూసినవాడు. ఆ గ్రంథాన్ని మనస్ఫూర్తిగా పొగడలేక, బాహాటంగా వెక్కిరించనూ లేక మధ్యలో చిక్కుకున్నాడు. పైగా వేలమంది తలపడే మైదానం ఆయన స్థలం కాదు. అదే చేయి కొన్నేళ్లకు ఒక భోజనబల్ల చుట్టూ నిజమైన యుద్ధాన్ని తీసి చూపించింది.

'బెల్జియం దుఃఖం' కూడా 1990ల మధ్యలో స్విస్ దర్శకుడు క్లోడ్ గోరెట్టా దర్శకత్వంలో టెలివిజన్‌కు వచ్చింది. నవల చదివినవారు దాన్ని చూడకపోయినా నష్టం లేదు. ఆ నవల బలమంతా కుర్రవాడి కల్పనలూ అబద్ధాలూ కలిసిపోయిన కథనంలో ఉంది, తెర మీద ఉదంతాలు మాత్రమే మిగిలాయి. 2001లో తన నాటకం ఆధారంగా తీసిన 'డె వెర్లోసింగ్' ('విముక్తి') దర్శకుడిగా ఆయన చివరి చిత్రం. తరువాత అల్జైమర్స్ వ్యాధి ముదిరింది. బెల్జియం చట్టం అనుమతించిన పద్ధతిలో, తాను ఎంచుకున్న సమయానికి, 2008 మార్చి 19న ఆంట్‌వెర్ప్‌లో కన్నుమూశాడు.

చూసే క్రమం విషయానికి వస్తే, 'మిరా'తో మొదలుపెట్టండి. వెంటనే 'హెట్ సాక్రమెంట్' చూడండి, ఎందుకంటే ఒకే రచయిత మాటను ఎంత తగ్గించగలడో, ఎంత పెంచి కూడా అదుపులో ఉంచగలడో ఆ రెండూ పక్కపక్కన పెడితేనే తెలుస్తుంది. ఆ తరువాత 'డోర్ప్ ఆన్ డె రివీర్'. 'వ్రైడాహ్' విషయంలో మాత్రం నాటకం అనువాదం దొరికితే ముందు అది చదివి, ఆపైన చిత్రం చూడండి. జార్జ్ ఇంట్లోకి అడుగుపెట్టిన తొలి నిమిషాల్లో నాటకంలోని ఏ మాటలు పోయాయో, వాటి స్థానంలో కూర్బ్వా ముఖం ఏం చెబుతున్నదో చూడండి. మీరు స్క్రీన్‌ప్లే రాసే ప్రయత్నంలో ఉన్నట్టు ప్రశ్న చివర రాశారు కనుక, ఆ కొద్ది నిమిషాలను ఆపుతూ ఆపుతూ చూడమని ప్రత్యేకంగా చెబుతున్నాను.